మామూలు ముఖం... మహానటుడు!

గుండ్రటి ముఖం, కాస్త బొజ్జ, బద్ధకంగా ఓ నవ్వు. సియోల్ వీధుల్లో టాక్సీ నడుపుతూనో, నది ఒడ్డున బడ్డీకొట్టులో కునుకు తీస్తూనో కనిపించే మనిషిలా ఉంటాడు సాంగ్ కాంగ్ హో. నిజానికి ఆ రెండు వేషాలూ వేశాడు. రాజుగానూ, రక్తం తాగే ఫాదరీగానూ కూడా మెప్పించాడు. దక్షిణ కొరియా సినిమాని ప్రపంచం పట్టించుకునేలా చేసినవాళ్లలో ఈ 'పక్కింటాయన' ముందుంటాడు.

నాటకాలే బడి

సాంగ్ 1967లో గిమ్హేలో పుట్టాడు. నటనలో శిక్షణంటూ తీసుకోలేదు, నాటకాల్లోనే రాటుదేలాడు. 1996లో చిన్న వేషంతో సినిమాల్లోకి వచ్చాడు. మరుసటి ఏడాది 'నెం.3'లో నత్తిగా మాట్లాడుతూ కుర్ర రౌడీలకు పాఠాలు చెప్పే నాయకుడిగా కడుపుబ్బ నవ్వించాడు. 2000లో 'ద ఫౌల్ కింగ్'తో హీరో అయ్యాడు. అందులో అతను పగలు మేనేజరు చేతిలో నలిగిపోయే బ్యాంకు ఉద్యోగి, సాయంత్రమైతే ముసుగేసుకున్న రెజ్లర్. ఫైట్లు చాలావరకూ తనే చేశాడు. అదే ఏడాది 'జాయింట్ సెక్యూరిటీ ఏరియా'లో దక్షిణ కొరియా జవాన్లతో స్నేహం చేసే ఉత్తర కొరియా సార్జెంటయ్యాడు. 'శత్రువు' మీద ప్రేక్షకులకు ప్రేమ పుట్టించాడు.

ఆ ఒక్క చూపు

1986-91 మధ్య హ్వాసాంగ్ ప్రాంతంలో పదిమంది మహిళలు హత్యకు గురయ్యారు. హంతకుడు దొరకలేదు. 2003లో దర్శకుడు బాంగ్ జూన్ హో ఆ కేసు ఆధారంగా 'మెమొరీస్ ఆఫ్ మర్డర్' తీశాడు. కళ్లలోకి చూసి నేరస్థుణ్ని పట్టేస్తానని గొప్పలు పోయే పల్లెటూరి డిటెక్టివ్ సాంగ్. చివర్లో, ఉద్యోగం వదిలేసిన చాన్నాళ్లకు, మొదటి శవం దొరికిన చోటికి వెళ్తాడు. అంతకుముందే ఇంకెవరో వచ్చి చూసి వెళ్లారని ఓ పాప చెబుతుంది. ఎలా ఉన్నాడంటే... మామూలుగానే ఉన్నాడంటుంది. అప్పుడు సాంగ్ నేరుగా కెమెరాలోకి చూస్తాడు. హంతకుడు ఆ సినిమా చూడ్డానికొస్తే వాడి కళ్లలోకి చూడాలన్నది దర్శకుడి ఆలోచన!

2019లో డీఎన్ఏ పరీక్షలు అసలు హంతకుణ్ని పట్టించాయి. అప్పటికే వాడు మరో హత్యకేసులో జైల్లో ఉన్నాడు. కాలపరిమితి దాటిపోవడంతో ఈ హత్యలకు శిక్ష మాత్రం పడలేదు.

డబ్బు కోసం వెళ్లి...

'ది అటార్నీ'(2013)లో అతను డబ్బే లోకంగా బతికే లాయరు. పోలీసుల చేతిలో చిత్రహింసలు పడ్డ కుర్రాడి కోసం కోర్టుకెక్కుతాడు. 'ఎ టాక్సీ డ్రైవర్'(2017)లో బాడుగకు ఆశపడి జర్మన్ విలేకరిని 1980 నాటి గ్వాంగ్జూకు తీసుకెళ్తాడు. సైన్యం జనంమీద దౌర్జన్యం చేయడం కళ్లారా చూశాక ఒక్కసారి వెళ్లిపోయి కూడా మనసొప్పక వెనక్కి తిరుగుతాడు. ఆ సినిమాకి కోటీ ఇరవై లక్షలకు పైగా టికెట్లు తెగాయి.

'పారసైట్'(2019)లో బల్లకింద పిల్లలతోపాటు దాక్కున్న డ్రైవరు, తన ఒంటివాసన గురించి యజమాని భార్యతో అంటున్న మాటలు వింటాడు. నోరెత్తడు. మెల్లగా చొక్కా వాసన చూసుకుంటాడంతే. ఆ అవమానం చూసేవాళ్లను తర్వాత కూడా వదలదు. ఆ సినిమా నాలుగు ఆస్కార్లు గెలిచింది.

2007లో 'సీక్రెట్ సన్‌షైన్' నాయికకు కాన్స్‌లో ఉత్తమ నటి అవార్డు వచ్చింది. అందులో ఆమె వెంటే తిరిగే మెకానిక్ సాంగే. పదిహేనేళ్లకు, 2022లో 'బ్రోకర్' సినిమాకి అదే వేదికమీద ఉత్తమ నటుడయ్యాడు. ఆ గౌరవం దక్కిన తొలి కొరియా నటుడతనే. 2024లో మొదటిసారి సిరీస్‌లో చేశాడు. 'అంకుల్ శాంసిక్'... యుద్ధంలోనూ తనవాళ్లకు మూడు పూటలా తిండి పెట్టానని చెప్పుకునే పెద్దమనిషి కథ.