నిప్పుమీద చేప: నిదానమెక్కడ, త్వరయెక్కడ

మసాలా పట్టించి ఇంటిలోనే చేపను కాల్చుకొను విధానము, అందలి శాస్త్రము

చేపను వండుటకు తెలుగునాట రాజమార్గములు రెండు: పులుసు, వేపుడు. వరదనీటిలో గోదావరికి ఎదురీదివచ్చు పులసకు చింతపండు పులుసులో జరుగు మర్యాదయు, పప్పుచారు అన్నము ప్రక్కన వంజరపు వేపుడునకుగల ప్రతిష్ఠయు ఎరుగనివారు కోస్తాజిల్లాలలో అరుదు. ఈ రెండింటికంటెను ప్రాచీనమైనట్టిది, పాత్రతో పనిలేనట్టిది అగు మూడవ మార్గము, అనగా నిప్పులపై కాల్చుట, చిరకాలము రేవులయందే నిలిచిపోయినది. వల లాగి ఒడ్డు చేరిన జాలరులు ఎండుపుల్లలు రాజవేసి, ఉప్పు రాచిన కవ్వళ్ళను కాల్చుకొని తినుట సముద్రతీరమున వింత కాదు. పట్టణవాసులకు మాత్రము కాల్చిన చేప ఉత్తరాది తందూరు వెంబడి, హోటళ్ళ ద్వారమున పరిచితమైనది.

ఇప్పుడది ఇంటికిని వచ్చినది. చిన్న బొగ్గుల కుంపటియో, విద్యుత్తుతో పనిచేయు గ్రిల్లో, అదియు లేనిచో దోసెలు పోయు ఇనుప పెనమో ఆధారముగా, ఆదివారమునాడు చేపను కాల్చబూనువారు నానాటికి పెరుగుచున్నారు. అయితే వారిలో పెక్కుమంది మొదటి ప్రయత్నముననే నిరుత్సాహపడుదురు: చర్మము ఊచలకు అంటుకొనిపోవును, తిరగవేయబోగా చేప ముక్కలగును, మసాలా మాడి లోపల పచ్చిగా మిగులును, లేదా మొత్తము ఎండి పీచువలె నగును. ఈ వైఫల్యములన్నిటికి మూలమొక్కటే. మేకమాంసమునకు, కోడికి అలవాటుపడిన చేయి చేపనుగూడ ఆ విధముగనే చూచును; నిదానము చూపవలసినచోట త్వరపడును, త్వరపడవలసినచోట నిదానించును.

మాంసము వేరు, మీనము వేరు

భూమిపై సంచరించు జంతువు తన శరీరభారమును తానే మోయవలెను గనుక, దాని కండరములను బంధించు సంధానతంతువులు దృఢముగా నుండును. అవి 70 డిగ్రీలకు పైబడిన వేడిలో చాలసేపు మగ్గిన గాని కరగవు. చేప బరువును నీరు మోయును. అందుచేత దాని కండ పొట్టితంతువులతో, పలుచని పొరల మధ్య రేకులు రేకులుగా అమరియుండును; ఆ పొరలు 50, 55 డిగ్రీల ప్రాంతముననే కరగి, రేకులు విడివడుటకు ఆరంభించును. లోపలి వేడి 63 డిగ్రీలు చేరునప్పటికి చేప సురక్షితముగా ఉడికినట్లే. అటుపై గడచు ప్రతి నిమిషము దానిలోని రసమును పిండివేయుటకే తోడ్పడును.

మసాలా విషయమునను ఈ భేదమే వర్తించును. మేకమాంసమును మెత్తబరచుటకు పచ్చిబొప్పాయి ముద్ద కలిపి గంటలకొలది ఊరబెట్టుట వంటవారి ఆచారము. స్వభావముచేతనే మృదువైన చేపకు ఆ ఉపచారము చేసినచో, పొయ్యి ఎక్కకముందే అది గుజ్జగును. నిమ్మరసమునకును పరిమితి కలదు. పెరూ దేశీయులు పచ్చిచేపను నిమ్మరసములో నుంచి, తెల్లబడినంతనే సెవీచే అను పేర తినుదురు. నిప్పు తగులకున్నను మాంసకృత్తులు గట్టిపడునట్లు చేయు శక్తి ఆమ్లమునకున్నదని దీనివలన తెలియుచున్నది. అట్టి రసములో చేపను రాత్రియంతయు ఉంచినవారు, మరునాడు నిప్పుపై కాల్చునది ఒకసారి గట్టిపడిన కండనే.

అయినను నిమ్మ, చింతపండులను మన పూర్వులు వృథాగా చేర్చలేదు. సముద్రపు చేప చచ్చినపిదప సూక్ష్మజీవుల ప్రభావమున దానియందు ట్రైమిథైలమీను అను పదార్థము పుట్టును, నీచువాసనకు ముఖ్యకారణమిదియే. ఆమ్లము తగిలినంతనే ఇది గాలిలోనికి ఎగయలేని లవణరూపమును పొందును. చెరువుచేపలకుండు మట్టివాసనకు కారణము వేరు: నీటిలోని నీలిఆకుపచ్చ నాచు మొదలగు వానినుండి పుట్టు జియోస్మిను అది. దానినిగూడ పులుపు విచ్ఛిన్నము చేయును. బొచ్చెను, శీలావతిని పులుసునకే కేటాయించిన మన పాకసంప్రదాయమున రుచితోపాటు ఈ ప్రయోజనమును ఇమిడియున్నది.

అంగడిలో నిదానము

ఓర్పు చూపవలసిన మొదటి స్థలము చేపల అంగడి. కన్ను ఉబ్బి నిర్మలముగా, మొప్ప ఎర్రగా, వ్రేలితో నొక్కిన పల్లము వెంటనే పూడునట్లుగా ఉన్న చేపనే కొనవలెను. కానాగంతలవంటి చేపల విషయమున ఈ జాగ్రత్త రుచితో ముగియదు. వానిని మంచులో పెట్టక ఎండలో నుంచినచో హిస్టమిను అను విషపదార్థము పుట్టును. ఎంత కాల్చినను, ఎంత ఉడికించినను అది నశింపదు.

కాల్చుటకు ఏ చేప తగునన్న ప్రశ్నకు ముళ్ళే సమాధానము చెప్పును. పులస ఎంత రుచికరమైనను, కండలో వెండ్రుకలవలె అల్లుకొన్న ముళ్ళవలన అది కాల్పునకు అనుకూలింపదు. పులుసులో నెమ్మదిగా మగ్గుటయే దానికి తగును. పలుచని శరీరము, తక్కువ ముళ్ళుగల చందువను కోయక మొత్తముగానే నిప్పుపై పెట్టవచ్చును. వంజరమును ముప్పాతిక అంగుళము మందమున అడ్డముక్కలుగా కోయించుకొనవలెను. అంతకు పలుచనైనచో ఎండిపోవును. కానాగంతలోని స్వాభావికమైన నూనె దానిని కాపాడును గనుక, క్రొత్తగా నేర్చుకొనువారికి చౌకలో దొరకు గురువు అదియే. సముద్రమునను, నదీముఖములందును, ఉప్పునీటి చెరువులలోను పెరుగు పండుగొప్పది అన్నిటిలో ఉత్తమస్థానమని నా అభిప్రాయము. దాని కండ దట్టమైనది, తెల్లనిది, తగుమాత్రము కొవ్వు గలది.

ఋతువునుగూడ గమనింపవలెను. తూర్పుతీరమున చేపల సంతానోత్పత్తికై ఏప్రిల్ 15 నుండి జూన్ 14 వరకు, 61 దినములు, యాంత్రిక పడవల వేటకు నిషేధమున్నది. జూన్ మొదటి పక్షమున వచ్చు మృగశిరకార్తె నాడు చేప తినుట తెలంగాణమున ఆచారము. ఆనాడు హైదరాబాదులోని ముషీరాబాదు అంగళ్ళలో అడుగుపెట్ట వీలుండదు. ఆ సమయమునకు ఆదుకొనునవి చెరువుచేపలు, వానిలో ముఖ్యముగా 2016లో తెలంగాణ రాష్ట్రపు చేపగా ప్రకటింపబడిన కొరమీను. అది గాలినిగూడ పీల్చి బ్రతుకగలుగుటచే ప్రాణముతోనే అమ్ముదురు. తాజాదనమును గూర్చిన సందేహమే ఉండదు. దాని జిగురును మాత్రము రాళ్ళఉప్పుతోనో బూడిదతోనో రుద్ది పూర్తిగా వదలించవలెను.

చేపపై శ్రద్ధ మన దేశమున రాజులకును తక్కువ కాదు. కల్యాణి చాళుక్యరాజగు మూడవ సోమేశ్వరుడు పండ్రెండవ శతాబ్దమున సంస్కృతమున రచించిన మానసోల్లాసమందు పాకవిధానములతోపాటు చేపలు పట్టు వినోదమునకును ఒక ప్రకరణము కేటాయించెను.

మసాలాకు కాలపరిమితి

ముప్పాతిక కిలో పండుగొప్ప ఒకటి తీసికొని, పొలుసు, మొప్పలు, లోపలి భాగములు తీయించి, వెన్నెముకవెంట నల్లనైన నెత్తురు పోవునట్లు కడిగి, ఇరుప్రక్కల వ్రేలెడు దూరమునకొకటిగా ఎముక తగులువరకు గాట్లు పెట్టవలెను. మసాలా లోనికి దిగుటకును, దట్టమైన నడుము, పలుచని తోక ఇంచుమించు ఏకకాలమున ఉడుకుటకును ఈ గాట్లు తోడ్పడును.

మసాలాను రెండు విడతలుగా పట్టించుట మేలు. మొదట చిన్న చెంచాడు ఉప్పు, పావు చెంచా పసుపు, ఒక నిమ్మకాయ రసము రాచి పదునైదు నిమిషములుంచవలెను. ఉప్పు పైపై నీటిని వెలికి లాగును. ఆ నీటిని మెత్తని గుడ్డతో పూర్తిగా అద్దివేయవలెను. చాలమంది ఉపేక్షించు ఈ చిన్నపనిమీదనే తక్కినదంతయు ఆధారపడియున్నది. నీరున్నంతవరకు చేప ఉపరితలము 100 డిగ్రీలు దాటదు. కమ్మని వాసనను, బంగారువన్నెను ఇచ్చు రసాయనచర్య 140 డిగ్రీల ప్రాంతమునగాని ఊపందుకొనదు. ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు లూయీ కామీ మయార్ 1912లో వర్ణించుటచేత ఈ చర్యకు ఆయన పేరే స్థిరపడినది.

రెండవ విడతకు రెండు చెంచాల కారము, చెంచాడు ధనియాలపొడి, అరచెంచా చొప్పున జీలకర్ర, మిరియాల పొడులు, మెత్తగా నూరిన అల్లము వెల్లుల్లి ముద్ద చెంచాడున్నర, వేరుశనగనూనె రెండు గరిటెలు కలిపి, జారని ముద్దగా చేసి, గాట్లలోను, కడుపులోను, పైన పలుచగాను పట్టించవలెను. అల్లము వెల్లుల్లి కచ్చాపచ్చాగా దంచినచో ఆ పలుకులు ముందుగా మాడి చేదెక్కును. అరగంట చాలును; అంతకు మించి ఆలస్యము తప్పనిచో, నిమ్మరసమును మొదట మాని, వడ్డించునప్పుడు పిండుకొనుట ఉచితము.

నిప్పు

బొగ్గులు ఎర్రగా మండునప్పుడు చేపను పెట్టరాదు. మంట అణగి, పైన తెల్లని నివురు కప్పినపిదపనే వేడి సమముగా నుండును. బొగ్గులను ఒకవైపున ఎక్కువగా, రెండవవైపున తక్కువగా పరచినచో, మొదటివైపున రంగు తెప్పించి రెండవవైపున లోపల ఉడికించుకొన వీలగును. ఊచలు బాగుగా కాలిన తరువాతనే నూనెగుడ్డతో తుడిచి చేపను ఉంచవలెను. చల్లని ఇనుమునకే చేప అంటుకొనును.

పెట్టినపిదప దానిని కదలింపరాదు. చర్మము పొడిబారి పెళుసెక్కినప్పుడు ఊచలను అదియే విడుచును. అట్లకాడ తోయగా రానిచో ఇంక సమయము కాలేదనియే అర్థము. తిరగవేయుట ఒక్కసారియే. అంగుళము మందమునకు మొత్తము మీద పది నిమిషములు అను లెక్క చాలవరకు సరిపోవును. వెన్నెముక ప్రక్కన కత్తిమొనతో విప్పిచూచినప్పుడు, గాజువలె కనబడు కండ పాలతెలుపునకు మారి, ఎముకను సులభముగా వదలినచో దింపివేయవచ్చును.

కుంపటి లేనివారు చింతింపనక్కరలేదు. బాగుగా కాలిన ఇనుప పెనముపై రెండు చెంచాల నూనెతో ఇదే ఫలితమును పొందవచ్చును. ఓవెను ఉన్నవారు 220 డిగ్రీలవద్ద, పైతీగ దగ్గరగా పెట్టవలెను. సెగపై వాడ్చిన అరటియాకులో చుట్టి పెనముపై కాల్చుట కేరళీయుల పద్ధతి. మీన్ పొళ్ళిచ్చతు అను ఆ వంటకమున చేప తన ఆవిరిలో తానే మగ్గును. పెళుసుదనము తగ్గును, రసము నిలుచును.

ఇక జాగ్రత్తలు కొన్ని. మూసిన గదిలోగాని, తలుపులు బిగించిన బాల్కనీలోగాని బొగ్గులు రాజవేయరాదు. వాసనయు వర్ణమును లేని కార్బన్ మోనాక్సైడు ప్రాణాంతకము. కొవ్వు నిప్పులపై కారి లేచు దట్టమైన పొగయందును, నల్లగా మాడిన భాగములందును హానికరమైన పదార్థములుండును గనుక, మాడినదానిని గీకివేయవలెను. పచ్చిచేపను ఊరబెట్టగా మిగిలిన మసాలాను వండినదానిపై పోయరాదు.

వడ్డనలో ఆడంబరము వద్దు. పచ్చి ఉల్లిపాయ చక్రములు, నిమ్మబద్ద, వేడి అన్నము, పప్పుచారు చాలును. జొన్నరొట్టెతోను ఇది చక్కగా పొసగును. పాఠకులకు నా మనవి ఒక్కటి: గ్రిల్లు కొనుటకు డబ్బు కూడబెట్టుచు కూర్చుండక, వచ్చు ఆదివారము ఉదయమే అంగడికి పోయి, అరకిలో తాజా కానాగంతలు తెచ్చి, ఇంటనున్న ఇనుప పెనముమీదనే మొదలుపెట్టుడు, ఎన్నుటకు, కడుగుటకు, తడి అద్దుటకు ఎంత కాలమైనను వెచ్చించుడు, ఊరబెట్టుటకు, కాల్చుటకు మాత్రము గడియారము చూచుకొనుడు.