బేస్ కేస్ లేని పగ

రికర్షన్‌లో బేస్ కేస్ మర్చిపోతే ఏమవుతుందో మనందరికీ తెలుసు. ఫంక్షన్ తనను తానే పిలుచుకుంటూ పోయి చివరికి క్రాష్ అవుతుంది. ఉత్తర అల్బేనియా కొండల గురించి చదువుతుంటే నాకు అదే గుర్తొచ్చింది.

ప్రభుత్వం చేయి సరిగ్గా అందని ఆ ఊళ్లను నడిపింది 'కానూన్' అనే కట్టుబాట్లు. అవును, మనం వినే కానూనే! నోటిమాటగా వచ్చిన వాటిని ష్ట్యెఫెన్ గ్యెచోవ్ అనే క్యాథలిక్ ఫాదర్ సేకరించారు. ఆయన పోయాక 1933లో పుస్తకంగా వచ్చాయి.

అందులో ప్రాణం కన్నా పరువు పెద్దది. మీవాళ్లు మావాణ్ని చంపితే మేం మీవాణ్ని చంపాలి. అప్పుడు బాకీ ఇటు తిరుగుతుంది. 'బెసా' అనే మాట ఇస్తే 24 గంటలో, 30 రోజులో ఎవరూ తుపాకీ ఎత్తరు. కానీ అది పాజ్ మాత్రమే, స్టాప్ కాదు.

నేను ముందు ఇది మతం గొడవ అనుకున్నా. కాదు. క్యాథలిక్కులూ ముస్లింలూ ఇదే కానూన్ పాటించారు. దేవుడు క్షమించమన్నా, ఊళ్లో తలెత్తుకు తిరగడం ఎలా అన్న ప్రశ్నే గెలిచేది.

మరి ఆపిందెవరు? పక్కనున్న కొసావోలో, 1990లో, మనలాంటి స్టూడెంట్సే మొదలుపెట్టారు. జానపద సాహిత్యం ప్రొఫెసర్ ఆంటన్ చెటా వాళ్లతో కలిసి ఇల్లిల్లూ తిరిగారు. "పరువు వదిలేయండి" అని అడగలేదు, క్షమించడమే పరువు అన్నారు. దాదాపు వెయ్యి పగలు చల్లారాయి.

మా ఇంట్లోనూ 'పరువు' అనగానే వాదన ఆగిపోతుంది. ఈసారి మాత్రం అడుగుతా: ఆ మాటకు అర్థం ఎవరు రాశారు, మనం మార్చలేమా?