ఏ పాముకి విషం ఉంది?

వానాకాలం వచ్చిందంటే పాముల భయం. నాట్లు వేసేది, కలుపు తీసేది ఎక్కువగా ఆడవాళ్లే. కట్టెల మోపులో, పిడకల గూట్లో చెయ్యి పెట్టేదీ వాళ్లే. అందుకే పాముల సంగతి తెలియాలి.

మన దేశంలో 300 రకాలకు పైగా పాములున్నాయి. చాలా వాటికి మనిషిని చంపేంత విషం లేదు. ఎక్కువగా ప్రాణం తీసేవి నాలుగు.

నాగుపాము: దీన్నే తాచు అంటారు. పడగ విప్పుతుంది. పడగ వెనక చాలా వాటికి కళ్లజోడు లాంటి గుర్తు ఉంటుంది.

కట్లపాము: నల్లగా నిగనిగలాడుతుంది. ఒంటి మీద సన్నని తెల్లని కట్లు ఉంటాయి. రాత్రిపూట తిరుగుతుంది. నేల మీద పడుకున్నవాళ్లను కరుస్తుంది. నొప్పి పెద్దగా ఉండదు. గాటు సరిగా కనబడదు. తెల్లారేసరికి కడుపునొప్పి వచ్చి, కనురెప్పలు వాలిపోతుంటే అనుమానించాలి.

రక్తపింజరి: లావుగా, గోధుమరంగులో ఉంటుంది. వీపు మీద గొలుసు లాంటి మచ్చలు మూడు వరసల్లో ఉంటాయి. గట్టిగా బుస కొడుతుంది. కరిస్తే వాపు వస్తుంది, రక్తం గడ్డకట్టదు.

చిన్నపింజరి: మూరెడు పొడవు ఉంటుంది. రాళ్ల నేలల్లో ఉంటుంది. ఒళ్లు రాపాడించి రంపం కోసినట్టు చప్పుడు చేస్తుంది.

ఇక విషం లేనివి. జెర్రిపోతు చాలా పొడవు. పడగ ఉండదు. ఎలుకలను తిని పంటను కాపాడుతుంది. నీరుకట్టె చెరువుల్లో, వరిమళ్లలో ఉంటుంది. కరుస్తుంది గానీ విషం లేదు. రెండు తలల పాముకి నిజానికి తల ఒకటే. తోక మొద్దుగా ఉంటుంది, అంతే.

అయితే విషం లేని ఒక పాముకీ కట్లపాము లాగే చారలుంటాయి. చీకట్లో ఎవరైనా పొరబడతారు. అందుకే ఏ పాము కరిచినా ఆస్పత్రికి పోవాల్సిందే.

"మంత్రం వేస్తే తగ్గింది కదా!" అంటారు కొందరు. అక్కడ కరిచింది విషం లేని పాము అయి ఉంటుంది. విషప్పాము కూడా ఒక్కోసారి విషం వదలకుండా కరుస్తుంది. నిజంగా విషం ఎక్కితే మంత్రం, పసరు పనిచెయ్యవు. ఆ కాస్త ఆలస్యంలోనే ప్రాణం పోతుంది.

పాము కరిస్తే ఇలా చెయ్యాలి:

గాటు కొయ్యొద్దు. నోటితో పీల్చొద్దు. తాడుతో బిగించి కట్టొద్దు. గాజులు, మెట్టెలు, కడియాలు వెంటనే తీసెయ్యాలి. కరిచిన కాలో, చెయ్యో కదలకుండా ఉంచాలి. మనిషిని నడిపించొద్దు. 108కి ఫోన్ చెయ్యాలి. పామును చంపి పట్టుకుపోనక్కర్లేదు. ఈ నాలుగు పాముల విషానికీ ఆస్పత్రిలో ఒకటే మందు ఉంది.

రాత్రి బయటికి పోతే చేతిలో లైటు ఉండాలి. పడుకునేది మంచం మీద, దోమతెర కట్టుకుని అయితే ఇంకా మంచిది.