ఆయాసమును అలసటగా భావింపరాదు

కడప నుండి కాశికి బస్సులో కదలక కూర్చుండి వెళ్లివచ్చిన వృద్ధునికి ఒక కాలు వాచి, పిదప హఠాత్తుగా ఆయాసమో, ఊపిరి పీల్చునపుడు రొమ్మునొప్పియో కలిగినచో, అది ప్రయాణపు బడలిక యని త్రోసివేయరాదు. కాలి లోతు సిరలో పేరుకొన్న నెత్తురుగడ్డ గుండె మీదుగా సాగి ఊపిరితిత్తులలో అడ్డుపడి యుండవచ్చును. అది ప్రాణాంతకము కాగలదు. తక్షణమే 108కు ఫోను చేయవలెను.

వైద్యుడు మొదట ప్రశ్నించును. నాలుగు వారములలో శస్త్రచికిత్స జరిగినదా, మునుపు గడ్డ కట్టినదా, క్యాన్సరు కలదా? నాడి 100 దాటినదేమో చూచును. వెల్స్ పద్ధతిలో వీనికి అంకెలు కలవు. మొత్తము 4 దాటినచో నేరుగా సి.టి. స్కాను, దాటనిచో డి-డైమర్ అను రక్తపరీక్ష. అది సరిగా నున్నచో సాధారణముగా స్కాను అక్కరలేదు.

మనవారు పుణ్యయాత్రకు దోషమంటునేమో యని ప్రయాణపు మాట దాచెదరు. అదియే ముందుగా చెప్పవలసినది.