ట్యాంకు లేని హీటరా? ముందు ప్యానెల్ చూడండి!

అమెరికాలో పాత వాటర్ హీటర్ కారడం మొదలవగానే, ట్యాంకు లేని ఎలక్ట్రిక్ హీటర్ పెట్టించుకుందామా అన్న ఆలోచన వస్తుంది. 40, 50 గ్యాలన్ల నీటిని రోజంతా వేడిగా ఉంచే పని దీనికి లేదు. కుళాయి తిప్పగానే సెన్సర్ నీటి ప్రవాహాన్ని పసిగడుతుంది, కాయిల్స్ వేడెక్కుతాయి. కట్టేస్తే ఆగిపోతాయి.

చిక్కంతా కరెంటుతోనే. నిమిషానికి ఒక గ్యాలన్ చొప్పున పారే నీటిని ఒక్క డిగ్రీ ఫారన్‌హీట్ పెంచడానికి సుమారు 147 వాట్లు కావాలి. మిన్నెసోటా చలికాలంలో 40 డిగ్రీలతో వచ్చే నీళ్లు 105కు చేరాలంటే, నిమిషానికి రెండు గ్యాలన్ల షవర్ ఒక్కదానికే 19 కిలోవాట్లు. 240 వోల్టుల మీద దాదాపు 80 ఆంపియర్లు! బడికీ ఆఫీసుకూ వెళ్లే హడావుడిలో రెండు షవర్లు ఒకేసారి నడిస్తే లెక్క రెట్టింపు. 100 ఆంపియర్ల ప్యానెల్ ఉన్న పాత ఇళ్లు ఆ భారం మోయలేవు. ఫ్లోరిడాలో నీళ్లు 72 డిగ్రీలతో వస్తే ఇందులో సగం చాలు. మన ఊళ్లో బకెట్ స్నానానికి వాడే ఇన్‌స్టంట్ గీజర్ 3 కిలోవాట్లదే కదా!

అమ్మానాన్నలు వచ్చినప్పుడు ఒక మాట చెప్పాలి. కుళాయి మరీ సన్నగా వదిలితే హీటర్ ఆన్ కాదు, చన్నీళ్లే వస్తాయి. కాస్త ధార పెంచాలి.

ఎలక్ట్రీషియన్‌కు ప్యానెల్ చూపించి, మీ ఊళ్లో జనవరి నీళ్లు ఎంత చల్లగా వస్తాయో చూసుకున్నాకే ఆర్డర్ పెట్టండి.