మనోవర్తి ఉత్తరువు: ఎంత? ఎందుకు?

మనోవర్తి కేసు ముగిసిన దినమున ఇరుపక్షములవారును మొదట అడుగు ప్రశ్న ఒక్కటే: నెలకు ఎంత? ఆ అంకె ఎందుకు నిర్ణయింపబడినదో ఉత్తరువులో వ్రాసియున్నదా యని అడుగువారు అరుదు. ఈ రెండవ ప్రశ్నయే మొదటిదానికి బలమని శ్రోతలకు మనవి చేయదలచితిమి.

తన్నుతాను పోషించుకొనలేని భార్యను, మైనరు బిడ్డలను, తల్లిదండ్రులను శక్తి యుండియు ఉపేక్షించిన వానినుండి మేజిస్ట్రేటు భరణము ఇప్పింపవచ్చును. 1973 నాటి క్రిమినల్ ప్రొసీజర్ కోడులో ఇది 125వ సెక్షను. 2024 జూలై 1 నుండి అమలులోనున్న భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 144వ సెక్షను. ఇట్టి తుది ఉత్తరువులో తేల్చవలసిన అంశములు, వానిపై నిర్ణయము, అందులకు కారణములు ఉండవలెనని సంహిత 393వ సెక్షను విధించుచున్నది. కుటుంబ న్యాయస్థానముల తీర్పులకును 1984 నాటి చట్టమున ఇట్టి నియమమే కలదు. కారణములు చూపుట న్యాయాధిపతి దయ కాదు; విధి.

ఒక ఉదాహరణము తీసికొందము. ఒక తాపీమేస్త్రీ భార్యను, ఇద్దరు పిల్లలను విడిచి వేరుగా నున్నాడు. ఆమె నెలకు 10,000 రూపాయలు కోరినది. తన సంపాదనయే 8,000 అని అతడనెను. "పరిస్థితులన్నియు ఆలోచించి 6,000 నిర్ణయించితిమి" అని కోర్టు ముగించెననుకొందము. అతనికి అది ఎక్కువ, ఆమెకు తక్కువ. అతని సంపాదన ఎంతని కోర్టు నమ్మినదో ఇరువురకును తెలియదు. అతడు హైకోర్టులో రివిజను వేసిన, అచ్చటి న్యాయమూర్తికిని తెలియదు. కేసు మరల విచారణకై దిగువ కోర్టుకు రావచ్చును. కేసు వాయిదా పడును గాని, పిల్లల బడి జీతము, బియ్యపు కొట్టు బాకీ వాయిదా పడవు గదా!

అదే ఉత్తరువు ఇట్లుండిన నేమి? "కూలి దినమునకు 900 రూపాయలని సాటి మేస్త్రీ సాక్ష్యము. నెలకు ఇరువది దినములు పని యున్నదని ప్రతివాదియే ఒప్పుకొన్నాడు. కనుక సంపాదన 18,000. అతని తల్లి పోషణ అతనిదే. భార్యకు కుట్టుపనివలన వచ్చు 2,000 ఇంటి అద్దెకే చాలదు. కావున 6,000." ఇది అరపుట కూడ కాదు. అంకె మారలేదు. కాని తన తల్లిని కోర్టు మరువలేదని అతనికి, తన కష్టమును లెక్కించినదని ఆమెకు తెలిసినది. ఒప్పుకొననివారు ఏ వాక్యమును ఖండింపవలెనో కూడ తెలిసినది.

మరియొక ప్రయోజనము కలదు. పరిస్థితులు మారినచో భరణమును పెంచుటకు, తగ్గించుటకు 146వ సెక్షను అవకాశమిచ్చుచున్నది. ఐదేండ్లకు కూలి పెరిగినది, పెద్దపిల్ల హైస్కూలునకు వచ్చినది. నాటి సంపాదన మొదటి ఉత్తరువులో లేనిచో ఏది ఎంత మారినదని చూపగలరు?

కేసులు కుప్పలుగా నుండగా కారణములు వ్రాయుచు కూర్చుండిన ఆలస్యము గాదా యని కొందరందురు. ఆకలికి ఆలస్యము తగదు, నిజమే. అందులకే మధ్యంతర భరణపు దరఖాస్తును, నోటీసు అందిన 60 దినములలో వీలైనంతవరకు తేల్చవలెనని చట్టము చెప్పుచున్నది. క్లుప్తముగా నాలుగు కారణములు వ్రాయుటకు పట్టు కాలముకంటె, అవి లేక కేసు తిరిగివచ్చుటకు పట్టు కాలమే ఎక్కువ.

కారణములకు ముడిసరకును ఇరుపక్షములవారే తేవలెను. ఉభయులును తమ ఆస్తులు, అప్పులు, రాబడి తెలుపు అఫిడవిట్లు దాఖలు చేయవలెనని 2020 నవంబరు 4న సుప్రీంకోర్టు ఆదేశించినది. అద్దె రసీదులు, బడి రసీదులు, బ్యాంకు పుస్తకము భద్రపరచుకొనుట మేలు.

భరణము పొందినవారికి ఉత్తరువు నకలు ఉచితముగా నీయవలెనని చట్టము. దానిని తప్పక తీసికొనుడు. చదువురానిచో చదివించుకొనుడు. అంకెతో ఆగక, దానికి పైనున్న వాక్యములను కూడ వినుడు.