డీలరు పోతే... డిపో ఎవరిది?

నెల మొదట్లో ఏ వీధిలోనైనా సంచులు పట్టుకుని జనం బారులు తీరారంటే అక్కడ రేషన్ డిపో ఉన్నట్టే. నిన్న తండ్రి తూచాడు, ఇవాళ కొడుకు వేలిముద్రలు వేయిస్తున్నాడు. ఊళ్లో అందరూ 'ఫలానా వాళ్ల డిపో' అనే అంటారు. తమాషా ఏంటంటే, చట్టం దృష్టిలో ఆ డిపో ఏనాడూ వాళ్లది కాదు!

డీలర్‌షిప్ అనేది ఒక మనిషి పేరు మీద ప్రభుత్వం ఇచ్చే అనుమతి. మన రాష్ట్రాల్లో మామూలుగా ఆర్డీవో ఇస్తారు. దాన్ని అమ్ముకోవడం కుదరదు, వీలునామాలో రాయడం కుదరదు. అన్నదమ్ములు పంచుకోవడం అసలే కుదరదు. డీలరు కన్నుమూస్తే దాని ఆయువూ తీరినట్టే.

ఇంతకీ అందులో మిగిలేదెంత? తెలంగాణలో 2014 నాటికి క్వింటాలుకు 20 రూపాయలుగా ఉన్న కమీషన్ 2023లో 140కి పెరిగింది. 500 కార్డులు, కార్డుకు ముగ్గురు, మనిషికి 6 కిలోలు... లెక్కేస్తే నెలకు 90 క్వింటాళ్లు. అంటే 12,600 రూపాయలు. అందులోంచే గది అద్దె, కరెంటు, హమాలీ, బస్తాల తరుగు! అయినా ఇంటాయన పోయాక ఆ నాలుగు డబ్బులే దిక్కయిన కుటుంబాలెన్నో.

అందుకే 'కారుణ్య నియామకం' అనే దారి ఉంది. వారసుల్లో ఒకరు దరఖాస్తు చేసుకోవచ్చు. అయితే అది హక్కు కాదు, వెసులుబాటు మాత్రమే. వయసు కుదరాలి, అర్హతలుండాలి, మిగతా వారసులు అభ్యంతరం లేదని రాసివ్వాలి. చాలా ఇళ్లలో ఈ చివరి కాగితం దగ్గరే పేచీ మొదలవుతుంది. డీలరుకు అరవై దాటాక ఏదైనా జరిగితే ఆయన భార్యకూ, కొన్నిసార్లు కొడుక్కీ కూడా వయసు అడ్డొస్తుంది. ఈ బాధ చూసే 2023లో తెలంగాణ ప్రభుత్వం వయోపరిమితిని 40 నుంచి 50కి పెంచుతున్నట్టు ప్రకటించింది. కరోనాతో పోయిన డీలర్ల వారసులకు షాపులిస్తామనీ అప్పుడే చెప్పింది.

మరి వారసులంటే ఎవరు? ఉత్తరప్రదేశ్‌లో ఈ ప్రశ్న హైకోర్టు దాకా వెళ్లింది. అక్కడ 2019 ఆగస్టులో ఇచ్చిన ఉత్తర్వుల్లో 'కుటుంబం' అన్న మాట కింద కోడలి పేరు లేదు, భర్త పోయిన కోడలైనా సరే! ఒకామెకు భర్త ముందే చనిపోయాడు. డిపో నడిపే అత్తగారు 2021 ఏప్రిల్‌లో పోయారు. ఇద్దరు చిన్న పిల్లలతో ఆమె దరఖాస్తు పెడితే 'మీరు కుటుంబంలోకి రారు' అన్నారు. అత్తారింట్లో చాకిరీకి కుటుంబమే, డిపోకి మాత్రం కాదు! అదే ఏడాది డిసెంబరులో అలహాబాద్ హైకోర్టు, కూతురి కంటే కోడలికే ఎక్కువ హక్కుందంటూ ఉత్తర్వులు మార్చమని ఆదేశించింది.

రెండో వైపు కూడా చూడాలి. వారసులకిచ్చే ప్రతి షాపూ నోటిఫికేషన్‌లో రాదు. రిజర్వేషన్ ప్రకారం రావలసిన ఎవరో నిరుద్యోగికి ఆ మేరకు అవకాశం పోయినట్టే. 2013 నాటి ఆహార భద్రత చట్టమేమో పంచాయతీలకు, స్వయం సహాయక బృందాలకు, సహకార సంఘాలకు ప్రాధాన్యమివ్వాలంటోంది. వితంతువుకిస్తే ఎవరూ కాదనరు కానీ, ఉద్యోగమున్న కొడుకు పేరు ముందు పెట్టి వెనక ఇంకొకరు నడిపే బినామీ బేరాన్ని కారుణ్యం అనడం కష్టం.

రద్దు వ్యవహారం ఇంకో కథ. తనిఖీకొచ్చినవాళ్లు ఈ-పాస్ యంత్రంలో కనిపించే నిల్వనూ, గదిలోని బస్తాలనూ పోల్చి చూస్తారు. తేడా వస్తే సరుకు స్వాధీనం, నిత్యావసర సరుకుల చట్టం కింద '6-ఎ' కేసు. డీలర్‌షిప్ సస్పెన్షన్, రద్దు వేరే దారిలో నడుస్తాయి. రద్దు చేసేముందు నోటీసివ్వాలి, సంజాయిషీ తీసుకోవాలి, కారణాలు రాయాలి. నచ్చకపోతే అప్పీలుంది, ఆంధ్రప్రదేశ్‌లోనైతే జాయింట్ కలెక్టరు దగ్గరికి. ఆ తర్వాత హైకోర్టు. ఈలోగా కార్డుదారులను పక్క షాపుకు అప్పగిస్తారు. ముసలివాళ్లకు ఆ పక్క షాపు పక్కన ఉండదు.

డీలరు హఠాత్తుగా పోయిన ఇళ్లలో వచ్చే చిక్కు కూడా బస్తాల దగ్గరే. ఎంత సరుకొచ్చిందో, ఎంత పంచారో ఇంట్లోవాళ్లకు తెలియదు. తేడా వస్తే తప్పు ఎవరిదో చెప్పడానికి ఆయన ఉండడు. అందుకే దినవారాలు అయ్యాక చూద్దామనుకోకుండా, ముందు తహసీల్దారు ఆఫీసుకు కబురు పెట్టి, గదిలో మిగిలిన బస్తాలు లెక్కపెట్టించి కాగితం రాయించుకోవాలి. వారసుల ధ్రువపత్రం, దరఖాస్తు ఆ తర్వాత.